పన్నెండు పొయ్యిల ఓటు

ఆయన పోయిన రోజు మధ్యాహ్నంలోపే సూరత్‌లోని మా తెలుగు నేతవాళ్ల సమాజం వాట్సాప్ గ్రూపులో నూట పదహారు సందేశాలు వచ్చాయి. నేను లెక్కపెట్టాను. తొంభై నాలుగు దండం బొమ్మలు, పదిహేడు "ఓం శాంతి"లు. మిగిలిన ఐదింటిలోనే ఏవో మాటలున్నాయి. వాటిలో మూడు ఆయన్ను మహానుభావుడన్నాయి. ఒకటి శ్మశానానికి ఎంతమందిని రానిస్తున్నారని అడిగింది. ఐదోది నా కోసం: "లెక్కల అన్నా, పెద్దబాపు చరిత్ర నువ్వే రాయాలె. పుస్తకం అచ్చేద్దాం."

చరిత్ర రాయడం నాకు రాదు. ఆయన పుట్టిన సంవత్సరం ఆధార్ కార్డులో ఒకటుండేది, ఆయన నోట ఇంకొకటి వచ్చేది. నాకు తెలిసినవి ఆయన అలవాట్లు. పంతొమ్మిదేళ్లు ఆయన పక్కన కూర్చుని సమాజం సభ్యుల పట్టీ రాశాను కాబట్టి అవి బాగా తెలుసు. వాటిని తలుచుకుంటే ఇప్పటికీ నోట్లో చేదు ఊరుతుంది. అచ్చువేసే పుస్తకానికి అది పనికిరాదు. అందుకని ఇది వేరేగా రాస్తున్నాను.

ఆయన దగ్గర ఎర్రగుడ్డ అట్ట వేసిన ఒక పాత పుస్తకం ఉండేది. ఇంగ్రేజు దొరల కాలంలో బొంబాయి శాసనమండలికి సూరత్ నగరం నుంచి సభ్యుణ్ణి పంపేవారు. ఆ సీటు పేరు గుక్కతిప్పుకోకుండా చెప్పడం కష్టం: సూరత్ నగర ముస్లిమేతర పట్టణ నియోజకవర్గం. ముస్లింలది వేరే సీటు, వేరే జాబితా. ఆయన దగ్గరున్న పుస్తకం ఆ నియోజకవర్గం ఓటర్ల జాబితాలో ఒక వార్డు ముక్క. గుజరాతీ అచ్చు. వరస సంఖ్య, పేరు, తండ్రి పేరు, ఇల్లు, ఆఖరి గడిలో అర్హత.

ఆ రోజుల్లో మనిషై పుట్టినంత మాత్రాన ఓటు రాదు. ఇంత విలువ చేసే ఇల్లుండాలి, లేదా ఏడాదికి ఇంత కిరాయి పలికే ఇంట్లో ఉండాలి. కాకపోతే ఆదాయప్పన్నైనా కట్టాలి, పటాలంలో సిపాయిగా చేసి పింఛనైనా తీసుకోవాలి. మగ్గం గుంటలో కాళ్లు పెట్టుకుని కూర్చున్నవాడికి వీటిలో ఏదీ ఉండదు. దేశానికి స్వాతంత్ర్యం వచ్చి, అందరికీ ఓటు వచ్చాక ఆ నియోజకవర్గం పోయింది. దాని పొడుగు పేరూ పోయింది. అందరికీ ఆ పుస్తకం చిత్తుకాగితం, ఆయనకు మాత్రం కాదు. ఆ వార్డు జాబితా మొత్తంలో మా నేతవాళ్ల పేరు ఒక్కటే ఉంది. అది ఆయన తాతది.

నేను ఐదో తరగతి దాటలేదు. గుజరాతీ అంకెలు మరమగ్గం, అంటే లూమ్, ఎన్ని మీటర్లు నేసిందో రాసే చీటీలు చూసి నేర్చుకున్నాను, అక్షరాలు దుకాణాల బోర్డులు చూసి. ఆయనకు ఆ అక్షరాలు రావు, అందుకని ఆ పుస్తకం నాతో చదివించుకునేవాడు. తన చిటికెనవేలి గోరు పొడుగ్గా పెంచి, దాన్ని గడి వెంబడి కిందికి జరుపుతూ పోయేవాడు. తాత పేరు దగ్గర గోరు ఆగేది. అక్కడ కాగితం అరిగి గుంటపడింది. "సదువు" అనేవాడు. చదివేవాణ్ణి. "ఇంకోపారి."

ఎంతమంది గుమిగూడినా ఆయనకు ఒకటే ఆట. సూరత్ శివారు భేస్తాన్‌లో ఎవరిదో పెళ్లి భోజనాల దగ్గర పప్పు కలుపుకుంటూ నన్ను మోచేత్తో పొడిచాడు.

"ఈడ ఎంతమంది కూసున్నరు రా?"

"ఈ బంతిల డెబ్బై రెండు."

"ఆ కాలంలయితె ఓటు ఎంతమందికుంటుండె?"

ఆయన పప్పు అంటిన వేలితోనే చూపించాడు. "గా శేటు. గా మకాన్‌మాలిక్. నేను. ముగ్గురం. గీ మిగిలినోళ్లంత ఉత్త విస్తర్లు."

వినేంత దూరంలోనే పెళ్లికొడుకు తండ్రి వడ్డిస్తున్నాడు. ఆయన చేతిలో గరిటె ఒక్క క్షణం ఆగింది. తర్వాత పెద్దబాపు విస్తరిలో ఇంకో లడ్డూ వేసి వంగి నవ్వాడు. నేనూ నవ్వాను. ఇలాంటి నవ్వులు ఆ పంతొమ్మిదేళ్లలో ఎన్ని నవ్వానో మాత్రం లెక్కపెట్టలేదు.

ఎన్నికల రోజున అందరికంటే ముందు పోయి లైనులో మొదట నిలబడేవాడు. బయటికి వచ్చి వేలి మీది సిరాను సున్నంతో రుద్దేవాడు. "గందరికి ఇదే సిరా. రేపు బర్రెలకు గూడ పెడ్తరు." ఆ తర్వాత తాత కథ మొదలయ్యేది. తాత ఓటుకు టాంగా వచ్చేదట. అభ్యర్థి మనిషే స్వయంగా చెయ్యి పట్టి దించేవాడట. నైజాం రాజ్యంలో పుట్టినవాడికి ఇంగ్రేజు రాజ్యంలో అంత మర్యాద. కథ చివర ఎప్పుడూ ఒకే మాట: "మా తాత ఇంట్ల పొద్దుగాల పన్నెండు పొయ్యిలు అంటుకుంటుండె. పొగకు సందంత చీకటే."

ఈ మాట నేను తక్కువలో తక్కువ నలభైసార్లు విన్నాను. అంకెలంటే చెవి నిక్కబొడుచుకునే మనిషినే, అయినా ఆ పన్నెండు మాత్రం ఒక్కసారి కూడా చెవిలో గుచ్చుకోలేదు. గొప్పలు చెప్పుకునేవాళ్ల అంకెలు ఎవరూ సరిచూడరు కాబోలు.

తాత నియోజకవర్గం చచ్చిపోయినా దాని రూలును ఆయన బతికించుకున్నాడు. మా సమాజంలో సభ్యుడు కావాలంటే సొంత పేరు మీద ఇంటిపన్ను చిట్టీ అయినా ఉండాలి, కిరాయి కాగితమైనా ఉండాలి. ఆయన అధ్యక్షుడైన మొదటి ఏడే పెట్టిన రూలు ఇది. సభ్యుడికే చెయ్యెత్తే హక్కు. సమాజం చేసే సాయమేదైనా సభ్యుడికి, అతని ఇంటివాళ్లకే. మా పట్టీలో నూట ముప్పై నాలుగు పేర్లుండేవి. కరీంనగరం వైపు నుంచి వచ్చి పాండేసరా, బమ్రోలి రూముల్లో ఆరుగురు, ఎనిమిదిమంది చొప్పున ఉండే లూమ్ పనివాళ్లలో, రూము కాగితం ఎవరి పేరు మీదుంటే వాడు తప్ప ఇంకెవరూ అందులో లేరు. మాకది తప్పుగా అనిపించలేదు. పట్టీ శుభ్రంగా ఉంది, కొట్టివేతలు లేవు, నేను దాన్నే చూసుకుని మురిసేవాణ్ణి.

మొదటి లాక్‌డౌన్‌లో లూమ్‌లు ఆగాయి. ముప్పై ఏళ్లుగా రాత్రీ పగలూ చెవిలో కొట్టుకున్న చప్పుడు ఆగేసరికి జనానికి నిద్ర పట్టలేదు. కొన్ని వారాల తర్వాత సమాజం ఊరికి ఒక బస్సు మాట్లాడింది. కలెక్టరు కచేరీ ముప్పైమందికి పర్మిషన్ ఇచ్చింది. ఎవరెవరు ఎక్కాలో పట్టీ నేను రాయాలి, పెద్దబాపు సంతకం పెట్టాలి.

బస్సు శనివారం. గురువారం పొద్దున రాజమల్లు మా ఇంటి మెట్ల కింద వచ్చి నిలబడ్డాడు. బమ్రోలిలో లూమ్ నడిపేవాడు. నలభై దాటినా బక్కగా, పాతికేళ్లవాడిలా కనిపిస్తాడు. ముఖానికి తువ్వాల కట్టుకున్నాడు.

"ఆరుగురమున్నం అన్నా. నేను, నా పెండ్లాం, బావమర్ది, ఇంక ముగ్గురు మా ఊరోళ్లే. ఐతారం దాక టైమిచ్చిండు మాలిక్. ఐతారం రూముకు తాళమేస్తడట. రోడ్డు మీదికొస్తె పోలీసోళ్లు కొడుతుండ్రు. మమ్ముల గూడ రాయి."

"కిరాయి కాగితం ఎవరి పేరు మీదుంది?"

"సాయిలు పేరు మీద. పెండ్లి ఉన్నదని గాయన బందు కాకముందే ఊరికి పాయె."

"నీ పేరు మీద ఏం లేదా?"

"అందరం గల్సి ఒక్కని పేరు మీదనే జేస్కుంటం గదన్నా. మాలిక్‌కు అడిగెటందుకు ఒక్కడే కావాలె. ఠాణాల గూడ ఒక్కటే కాయితం. గుజరాతీ జర మంచిగొచ్చెటోని పేరు పెడ్తం."

"సాయిలు ఇక్కడ లేడు కదా."

"లేడు. మేమున్నం."

చూస్తానన్నాను. నిజానికి నాకు జవాబు అప్పటికే తెలుసు. రూలు ప్రకారం ఆ రూములో సభ్యుడు ఒక్కడే, వాడు ఊరు చేరి నెల దాటింది. మిగిలిన ఆరుగురు కాగితం మీద లేరు. లోపలికి వచ్చి పట్టీ పూర్తిచేశాను. ఊరికి పోతామన్నవాళ్లలో రూలుకు లోబడినవాళ్లు ఇరవై ముగ్గురు తేలారు. మళ్లీ కూడాను. ఇరవై ముగ్గురే. ఏడు సీట్లు ఖాళీ.

ఆ మధ్యాహ్నమే పెద్దబాపు ఇంటికి పోయాను. ఆయనకు మాస్కుతో ఒక పద్ధతి ఉండేది. తను మాట్లాడేటప్పుడు గడ్డం కిందికి లాగేవాడు. ఎదుటివాడు మాట్లాడేటప్పుడు ముక్కు మీదికి ఎక్కించేవాడు. ఆయన స్నానం చేసి వచ్చేదాకా కూర్చోమన్నారు. ఎర్ర పుస్తకం బల్ల మీదే ఉంది. ఊరికే తెరిచాను. అరిగిన గుంట దగ్గర తాత పేరు, తండ్రి పేరు, ఇల్లు. అన్నిసార్లు చదివించినా గోరు అక్కడే ఆగేది కాబట్టి నేను ఆఖరి గడిదాకా ఎప్పుడూ పోలేదు. ఆ రోజు పోయాను. అర్హత అన్నచోట "కిరాయిదారు" అని ఉంది.

సొంతిల్లు కాదు, కిరాయి ఇల్లు. నేతపనివాడు ఒక్కడు ఓటుకు సరిపడేంత కిరాయి ఇంట్లో ఎలా ఉండగలిగాడు? అప్పుడు, నలభైసార్లు విన్న ఆ పన్నెండు నా చెవిలో మోగింది.

ఆయన వచ్చి కూర్చున్నాడు. "పట్టీ అయ్యిందా?"

"అయ్యింది. ఏడు సీట్లు ఖాళీ ఉన్నయ్ పెద్దబాపు. బమ్రోలి రూమోళ్లు ఆరుగురు అడుగుతుండ్రు. రాద్దామా?"

మాస్కు ముక్కు మీదికి ఎక్కించి విన్నాడు. కిందికి లాగి అడిగాడు. "సభ్యులా?"

"కాదు. ఐతారం నాడు రోడ్డు మీద పడుతరు."

"అందరు రోడ్డు మీద పడ్డోళ్లే. ఒక్కని రాస్తె వందమందొస్తరు."

"రారు. బస్సు ఎల్లుండే. ఇంకెవ్వరు అడుగలేదు."

"రూలు రూలే రా."

ఎర్ర పుస్తకాన్ని అదే పేజీ దగ్గర తెరిచి చేతిలోకి తీసుకున్నాను. తర్వాత అడిగాను. "పెద్దబాపు, మీ తాతకు అన్నదమ్ములెందరు?"

"ఎవ్వరు లేరు. ఒక్కడే వచ్చిండు."

"పెండ్లాలు?"

"ఏందిరా గా మాట? ఒక్కతే. మా నాయనమ్మ."

"మరి పన్నెండు పొయ్యిలు ఎవరియి?"

ఆయన తలదించుకుంటాడనుకున్నాను. కోప్పడినా సంతోషించేవాణ్ణి. ఆయన మాస్కు కిందికి లాగి, సుపారి అంటిన పళ్లన్నీ కనపడేటట్టు నవ్వాడు.

"గిన్నేండ్ల సంది ఇంటున్నవ్. గిప్పుడు తేలిందా నీ లెక్క?"

ఆయనకు తెలుసు. మొదటినుంచీ తెలుసు. సుపారి ఇంకో ముక్క నోట్లో వేసుకుని, ఏదో ముచ్చట చెప్పినట్టే చెప్పాడు. పన్నెండు నేత కుటుంబాలు కలిసి ఒక పొడుగాటి ఇల్లు కిరాయికి తీసుకున్నాయి. తాతకు గుజరాతీ వచ్చు కాబట్టి కాగితం ఆయన పేరు మీద పెట్టారు. ఎవరి గదికి వాళ్లు చూసుకుంటే ఎవరికీ ఓటు రాదు. అంతా ఒక పేరు కింద పడేసరికి ఇంటి కిరాయి చట్టం గీసిన గీత దాటింది. జాబితా రాసే గుమాస్తా వచ్చి పేరడిగాడు, ఒక్కటే రాసుకుని పోయాడు.

"మొదటిపారి పన్నెండుమంది కూసోని మాట్లాడుకున్నరు, ఎవనికెయ్యాల్నో. మా తాతను పంపిండ్రు. వచ్చినంక గూడ అందరికి చెప్పిండు, గిట్ల గిట్ల ఏసిన అని."

"రెండోపారి?"

"రెండోపారి అడగలే."

"ఎందుకడగలే?"

"టాంగా వచ్చింది, ఎక్కిండు. వాళ్లు గూడ ఏమనలే. మగ్గం మీద పనున్నది, ఎవడొచ్చి అడుగుతడు? మూడోపారికి అది మా తాత ఓటే." సుపారి నమిలాడు. "గట్లనే అయితది రా. ఎవ్వనికి చెడ్డ చెయ్యలే."

"ఆ గీత దాటింది వాళ్ల కిరాయితోనే గదా."

"కట్టకుంటె ఇంట్ల ఉండనిస్తరా?"

పుస్తకం మూసి బల్ల మీద పెట్టాను. చేతులు కడుక్కోవాలనిపించింది. కడుక్కోవడానికి అప్పట్లో మంచి సాకు కూడా ఉండేది, గుమ్మం పక్కనే సబ్బు పెట్టారు.

లేవబోతుంటే ఆయనే అన్నాడు. "గంత పానం గుంజుతున్నదా గా ఆరుగురి మీద? పెన్ను నీ చేతులనే ఉన్నది. రాస్కో. నేను చూడ."

"మీరు సంతకం పెడ్తరా?"

"గియ్యాల ఇరవైమూడు పేర్ల మీద పెడ్త. తర్వాత నువ్వు ఏం రాస్తవో నాకేమెరుక?"

ఇరవై ముగ్గురి పట్టీ మీద సంతకం పెట్టాడు. ఆఖరి పేరుకూ సంతకానికీ మధ్య చాలా జాగా వదిలాడు. ఆరు పేర్లు ఇరుకు లేకుండా పట్టేంత జాగా. నాకు చూపించి మరీ వదిలాడు.

నేను రాయలేదు.

ఈ సంగతి ఇక్కడ చెప్పకపోతే మిగతాదంతా రాయడం దండగ. సంతకం అయ్యాక పేర్లు ఎక్కించడం నా జన్మలో చేయలేదు. రేపు ఎవరైనా పట్టుకుంటే చెయ్యి నాదవుతుంది, ఆయనది కాదు. ఆ రాత్రంతా కూడి తీసివేసి చూసినా నాకు కనపడింది నా చెయ్యే. ఆరుగురు కనపడలేదు. శుక్రవారం పొద్దున పట్టీ కచేరీకి చేరింది, ఆ తెల్ల జాగాతోనే.

శనివారం భేస్తాన్‌లో బస్సు ఎక్కించేటప్పుడు తలలు నేనే లెక్కపెట్టాను. ఇరవై ముగ్గురు. ఖాళీ సీట్లలోకి పెద్దబాపు వియ్యంకుడి కూలరు, టీవీ, మూడు చీరల డబ్బాలు ఎక్కాయి. కూలరుకు రెండు సీట్లు పట్టాయి. దాన్ని కిటికీ పక్కన పెట్టి, పడిపోకుండా చున్నీతో కట్టారు. పెద్దబాపు కింద నిలబడి, చెయ్యి ఊపుతూ దాన్ని కూడా సాగనంపాడు.

రాజమల్లు వాళ్లు ఆదివారం మధ్యాహ్నం నడక మొదలుపెట్టారట. సూరత్ అవతల కామ్‌రేజ్ దాకా పోయేసరికి పోలీసులు రెండుసార్లు వెనక్కి తరిమారట. హైవే పక్కన రెండు పగళ్లు కూర్చున్నాక ఉల్లిగడ్డల లారీ ఒకటి ఎక్కించుకుంది. ఇవి నాకు తర్వాత తెలిసిన సంగతులు. ఆ వారమంతా నేను ఫోను చేయలేదు. ఎత్తితే ఏమనాలో తెలియలేదు.

తర్వాతి ఏడాది టీకాలు మొదలయ్యాయి. పెద్దవాళ్లకు ముందు. పెద్దబాపును నేనే తీసుకుపోయాను. వచ్చిన వరుసలో టోకెన్లు ఇస్తున్నారు. ఆయన ముందు నలుగురు ముసలి పనివాళ్లున్నారు, ఇద్దరు చెప్పులు లేకుండా వచ్చారు.

"గీళ్ల ఎనుక నిలబడాల్నా?"

"జర సేపే పెద్దబాపు. నలుగురే."

"గదే నేననేది. నలుగురు." టోకెను నలిపి నా చేతిలో పెట్టి రిక్షా ఎక్కాడు. మళ్లీ ఎంత పిలిచినా రాలేదు. కరోనా రెండో అలలో పోయాడు. చావు ఎవరికీ మంచిది కాదు. ఆ అలలో టీకా వేసుకున్నవాళ్లూ పోయారు, కాబట్టి దాన్ని దీనికి ముడిపెట్టను. కానీ ఆ నలుగురిలో ఒకాయన నాకు ఇప్పటికీ పొద్దున పాలకేంద్రం దగ్గర కనపడుతుంటాడు.

ఆయన తర్వాత జరిగిన మొదటి మీటింగులో ఆ రూలు తీసేద్దామన్నాను. చేతులెత్తమన్నారు. ఎత్తే హక్కున్నది ఆ రూలు వల్ల సభ్యులైనవాళ్లకే. నాతో కలిపి నాలుగు చేతులు లేచాయి. చివరికి పోనీ అని ఒక్కటి ఒప్పుకున్నారు: ప్రతి సభ్యుడి పేరు కింద, అతనితో ఆ రూములో ఉండేవాళ్ల పేర్లు కూడా నేను రాసుకోవచ్చు. ఓటు ఉండదు. పేరు మాత్రం ఉంటుంది. ఇంకోసారి బస్సు వస్తే, వాళ్లు లేరని ఎవరూ అనలేరు. కొత్త పట్టీ కొన్నాను, ఒక్కో సభ్యుడికి ఒక్కో పేజీ.

లూమ్‌లు మళ్లీ నడిచాయి. ఒక ఆదివారం రాజమల్లు వచ్చాడు. ఈసారి మెట్లెక్కి లోపలికి వచ్చి, కుర్చీ లాక్కుని కూర్చున్నాడు. నేను ఆనాటి సంగతి ఎత్తబోయాను. "ఇడ్సిపెట్టన్నా" అని సంచిలోంచి ప్లాస్టిక్ కవరు తీశాడు. కిరాయి కాగితం. కొత్త రూము, బమ్రోలిలోనే. పేరు అతనిది.

"గీపారి సాయిలును నమ్మలే. నా పేరు మీదనే జేస్కున్న. ఇగ నేను సభ్యుణ్ణే గద?"

"సభ్యుడివే."

"చెయ్యెత్తచ్చు?"

"ఎత్తొచ్చు."

అతని ముఖం విప్పారింది. కాగితం మళ్లీ కవర్లో పెట్టి, కవరును మోకాలి మీద పెట్టుకుని చదును చేశాడు. నేను పేజీ తీసి పైన అతని పేరు రాశాను. కింద గీత గీశాను.

"రూములో ఎంతమందున్నరు?"

"ఎనిమిదిమందిమి."

"మిగతా ఏడుగురి పేర్లు చెప్పు."

"వాళ్లయెందుకన్నా? నేనున్న గద. ఏదన్న ఉంటె నేనే జూస్కుంట."

"చెప్పు రాజమల్లూ."

నా గొంతు గట్టిగానే వచ్చినట్టుంది. అతను నా వైపు వింతగా చూసి, వేళ్లు మడుస్తూ చెప్పాడు. పెళ్లాం పేరు, బావమరిది పేరు, ఊరివాళ్లు ఇద్దరివి. రాసుకున్నాను. నాలుగో వేలు మడిచి ఆగాడు. ఐదోది మడవలేదు.

"మిగతా ముగ్గురు?"

"వాళ్లది రాత్రి పాలీ అన్నా, రాత్రి షిఫ్టు. నేను డ్యూటీకి పోయినంక ఒస్తరు, నేనొచ్చేసరికి పోతరు. పేర్లు ఎన్నడడగలే." కొంచెం ఇబ్బందిగా నవ్వాడు. "కిరాయి మాత్రం టైముకిస్తరు."